తొలినాటి అమెరికా టీవీ పాటల షోలు అలా ఎందుకుండేవి?

1949, 1950 నాటి అమెరికా టీవీ వెరైటీ షోల ముక్కలు ఇప్పుడు యూట్యూబ్‌లో బోలెడు దొరుకుతున్నాయి. వాటిని చూసేవారికి కొన్ని సందేహాలు తప్పక వస్తాయి. 1939లో తీసిన సినిమా ఈనాటికీ స్పష్టంగా కనిపిస్తుంటే, పదేళ్ల తర్వాత వచ్చిన టీవీ షో ఎందుకంత మసగ్గా ఉంది? ట్రంపెట్ మెరిసినప్పుడల్లా దాని చుట్టూ ఆ నల్లటి వలయమేమిటి? ఆర్కెస్ట్రా అంత ఘనంగా వినిపిస్తున్నా తెర మీద కనిపించదేం? పాట మొత్తం మూడు నాలుగు షాట్లలోనే ఎందుకు ముగిసిపోతుంది?

క్లుప్తంగా: ఆ షోల రూపం దర్శకుల అభిరుచి నుంచి పుట్టింది తక్కువ, పరిమితుల నుంచి పుట్టింది ఎక్కువ. సంగీతకారుల సంఘం నిషేధం 1948 మార్చిలో ఎత్తేశాకే టీవీలో ఆర్కెస్ట్రా సాధ్యమైంది. సినిమా స్టూడియోలు తమ చిత్రాలు ఇవ్వనందువల్ల టీవీ తన వినోదాన్ని తానే లైవ్‌లో తయారు చేసుకుంది. కెమెరా ట్యూబు, లెన్సు, మైకు కలిసి షాటును నిర్ణయించాయి. ఇప్పుడు మనకు కనిపించే మసకలో ఎక్కువ భాగం షోది కాదు, దాన్ని భద్రపరిచిన పద్ధతిది.

1948 దాకా ఎందుకు ఆగింది?

525 అడ్డగీతలతో బొమ్మను అల్లే నలుపు తెలుపు ప్రసార ప్రమాణం అమెరికాలో 1941లోనే ఖరారైంది. యుద్ధం ముగిశాక, 1946లో, ఆర్‌సీఏ కంపెనీ 630టీఎస్ అనే సెట్టును అమ్మకానికి పెట్టింది. తెర పది అంగుళాలు, ధర 375 డాలర్లు. అదే ఏడాది మే 9న టీవీ నెట్‌వర్కుల్లో ఒకటైన ఎన్‌బీసీ ‘అవర్ గ్లాస్’ పేరుతో గంట నిడివి వెరైటీ షో మొదలుపెట్టింది. పాట, డ్యాన్సు, హాస్యం, మధ్యలో ప్రకటన అనే అచ్చు అప్పుడే సిద్ధమైంది. లేనిదల్లా సంగీతకారులు. షో పది నెలలు నడిచి, 1947 మార్చిలో ఆగిపోయింది.

అమెరికన్ ఫెడరేషన్ ఆఫ్ మ్యుజీషియన్స్ తన సభ్యులెవరూ టీవీలో వాయించకూడదని కట్టడి చేసింది. సంఘం అధ్యక్షుడు జేమ్స్ సి. పెట్రిల్లో మొండివాడని పత్రికలు రాసేవి. కానీ ఆ భయానికి ఆధారముంది. మూకీలు పోయి టాకీలు రాగానే సినిమా హాళ్లలో వాయించే వేలాది మంది ఉపాధి పోయింది. రికార్డులు, రేడియో కలిసి హోటళ్లలోని బృందాలనూ దెబ్బతీశాయి. అందుకే 1942 ఆగస్టు 1 నుంచి రెండేళ్లకు పైగా, మళ్లీ 1948 జనవరి 1 నుంచి దాదాపు ఏడాది పాటు సంఘం రికార్డింగులు ఆపేసింది. టీవీ విషయంలోనూ అదే జాగ్రత్త: ఒకసారి వాయించింది పదిసార్లు వాడుకుంటే ఆ పది పూటల కూలి ఎవరిస్తారన్నది ప్రశ్న.

1948 మార్చిలో నెట్‌వర్కులతో ఒప్పందం కుదిరింది. ఆ తర్వాత జరిగిన వేగం చూస్తే అడ్డంకి ఎక్కడుందో తెలిసిపోతుంది. మార్చి 20న సీబీఎస్ యూజీన్ ఆర్మాండీ నిర్వహణలో ఫిలడెల్ఫియా ఆర్కెస్ట్రాను ప్రసారం చేసింది. సుమారు గంటన్నర తేడాతో అదే సాయంత్రం ఎన్‌బీసీ ఆర్కెస్ట్రా నిర్వాహకుడు ఆర్టురో టోస్కానినీని తెర మీదకు తెచ్చింది. జూన్ 8న ఎన్‌బీసీలో హాస్యనటుడు మిల్టన్ బెర్ల్‌తో ‘టెక్సాకో స్టార్ థియేటర్’, జూన్ 20న సీబీఎస్‌లో ఎడ్ సలివన్‌తో ‘టోస్ట్ ఆఫ్ ద టౌన్’ మొదలయ్యాయి. రెండోదే 1955లో ‘ది ఎడ్ సలివన్ షో’గా పేరు మార్చుకుని 1971 దాకా నడిచింది.

రెండో కారణం హాలీవుడ్. పెద్ద స్టూడియోలు టీవీని పోటీదారుగా చూశాయి. 1955–56 దాకా తమ పాత చిత్రాల్ని టీవీకి ఇవ్వలేదు. రాత్రి ఎనిమిదింటికి చూపించడానికి సరుకు లేదు. న్యూయార్క్‌లో మాత్రం మూతబడుతున్న వాడెవిల్ (పాట, హాస్యం, గారడీ కలగలిపిన రంగస్థల ప్రదర్శన) వేదికలున్నాయి, పని కోసం చూస్తున్న గాయకులు, గారడీవాళ్లు, విదూషకులు ఉన్నారు. ఆరేడు నిమిషాల్లో ప్రేక్షకుల్ని కట్టిపడేయడం వాళ్లకు ఇరవై ఏళ్ల అలవాటు. టీవీకి కావాల్సింది అదే.

మూడో సంగతి ఎవరు చూశారన్నది. 1948 సెప్టెంబరు 30న ఫెడరల్ కమ్యూనికేషన్స్ కమిషన్ కొత్త స్టేషన్లకు అనుమతులు నిలిపేసింది. ఆ స్తంభన 1952 ఏప్రిల్ 14 దాకా సాగింది. అంటే తొలి నాలుగేళ్ల ప్రేక్షకులు ప్రధానంగా పెద్ద నగరాలవాళ్లు. 1950లో అమెరికా ఇళ్లలో టీవీ ఉన్నవి సుమారు 9 శాతం. 1955కి 64 శాతం దాటాయి. న్యూయార్క్ వేదిక వేగం, నగరపు వెటకారం మొదట చెల్లుబాటై, చిన్న ఊళ్లకు టీవీ చేరాక సద్దుమణగడానికి ఈ లెక్కే ప్రధాన కారణం. బెర్ల్ ఆకర్షణ తగ్గడం, మెత్తగా పాడే పెరీ కోమో, డైనా షోర్ వంటివారు నిలదొక్కుకోవడం ఒకే కాలంలో జరిగాయి. డ్యాన్సు సంగీతం వాయించే లారెన్స్ వెల్క్ బృందం 1955 జులైలో ఏబీసీలో జాతీయ స్థాయికి వచ్చింది కూడా ఈ కొత్త ప్రేక్షకుల బలంతోనే.

కెమెరా ఏం చూడగలిగేది, ఏం చూడలేకపోయేది

కెమెరా లోపల వెలుగును విద్యుత్ సంకేతంగా మార్చేది ట్యూబు. యుద్ధానికి ముందు స్టూడియోల్లో ఐకనోస్కోప్ ట్యూబు ఉండేది. దానికి వెయ్యి ఫుట్ క్యాండిళ్లు (వెలుగును కొలిచే ప్రమాణం), ఒక్కోసారి అంతకు మించిన వెలుగు కావాలి. ఆ వేడికి మేకప్ కారిపోయేది, వాద్యాల శ్రుతి దిగిపోయేది. యుద్ధం తర్వాత వచ్చిన ఇమేజ్ ఆర్థికాన్ ట్యూబుకు అందులో పదో వంతు, ఐదో వంతు వెలుగు చాలు. నాటకశాలలో, ప్రేక్షకుల ముందు, మామూలు వేదిక మీద షో చేయడం దీనివల్లే సాధ్యమైంది. కానీ ఈ ట్యూబుకు దాని జబ్బులు దానికున్నాయి.

మొదటిది ఆ నల్ల వలయం. వెలుగు పడ్డచోట ఎలక్ట్రాన్లు పలచటి గాజు పొరను తాకి, అక్కడి నుంచి మరికొన్ని ఎలక్ట్రాన్లను లేపుతాయి. దగ్గర్లోని సన్నటి లోహపు వల వాటిని పీల్చుకోవాలి. మెరుపు మరీ ఎక్కువైతే ఆ చోటు నిండిపోయి, వలకు పోవాల్సిన ఎలక్ట్రాన్లు చుట్టుపక్కల పొర మీదే రాలిపోతాయి. అవి రాలిన చోట బొమ్మ నల్లబడుతుంది. ఇత్తడి వాద్యం, రాళ్ల హారం, చమ్కీల గౌను, తెల్ల చొక్కా ఏదైనా సరే, మెరిసిందంటే దాని చుట్టూ నలుపే. అందుకే గాయకులు తెల్ల చొక్కా బదులు లేత నీలం, లేత పసుపు తొడిగేవారు. నగల మీద సబ్బో మైనమో రాసి మెరుపు చంపేవారు.

రెండోది మరక. కెమెరాను కదపకుండా ఒకే దృశ్యం మీద కొద్ది నిమిషాలు ఉంచితే, ఆ బొమ్మ ట్యూబులో అంటుకుపోయి తర్వాతి షాటు మీద దెయ్యంలా తేలేది. ట్యూబు చల్లగా ఉంటే ఇది మరీ ఎక్కువ. అందువల్ల షోకు చాలా ముందే కెమెరాలు వేసి ట్యూబుల్ని వేడెక్కనిచ్చేవారు. పాట నడుస్తున్నంతసేపూ కెమెరా అటో ఇటో నెమ్మదిగా జరుగుతూ ఉండడంలో సౌందర్యం ఎంతుందో, ఈ మరక భయమూ అంతే ఉంది. మరక పడితే కెమెరాను సమంగా వెలిగే తెల్లటి అట్ట వైపు తిప్పి, ఫోకస్ చెడగొట్టి, అది కరిగేదాకా ఆగాలి.

మూడోది లెన్సు. ఆర్‌సీఏ టీకే-10, టీకే-30 కెమెరాల ముందు నాలుగు లెన్సులు బిగించిన చక్రం ఉండేది. వెనకాల ఉన్న పిడిని నొక్కి తిప్పితే లెన్సు మారుతుంది. 50 మిల్లీమీటర్ల లెన్సు వేదిక మొత్తాన్ని పట్టేది, 135 మిల్లీమీటర్లది నడుము దాకా, అంతకు పొడవైనది ముఖం దాకా. పక్కనున్న మరో పిడి తిప్పితే లోపలి ట్యూబే ముందుకూ వెనక్కూ జరిగి ఫోకస్ కుదిరేది. జూమ్ లెన్సు అప్పటికే ఉన్నా దాన్ని ఎక్కువగా ఆటల ప్రసారాలకే వాడేవారు.

ఇక్కడే అసలు చిక్కు. లెన్సు మారుతున్నప్పుడు బొమ్మ గిర్రున తిరుగుతుంది. కాబట్టి ఆ కెమెరా ప్రసారంలో ఉండకూడదు. వేదిక ముందు మూడు కెమెరాలున్నాయనుకుంటే, ఒకటి ప్రసారంలో ఉంటుంది, ఒకటి లెన్సు మార్చుకుని ఫోకస్ సరిచేసుకుంటుంది, మూడోది తర్వాతి షాటుకు సిద్ధంగా నిలబడుతుంది. రెండో కెమెరా సిద్ధమయ్యే లోపు మూడోదానికి కట్ చేసేస్తే, ఆ తర్వాత వెళ్లడానికి చోటుండదు. ఈ వరస తప్పకుండా ఉండాలంటే ప్రతి షాటూ పది పదిహేను సెకన్లయినా నిలవాలి. పాట చరణం నుంచి పల్లవికి మారేచోటే కట్ పడడం అందుకే. సంగీతంలోని మలుపు కెమెరామన్‌కు గుర్తు. హెడ్‌ఫోన్‌లో దర్శకుడి మాట సరిగా వినపడకపోయినా పాట తెలిసినవాడు తప్పిపోడు.

దీనికి తోడు ఇంట్లో ఉన్నది పది, పన్నెండు అంగుళాల తెర. నలభై మంది ఆర్కెస్ట్రాను వైడ్ షాటులో చూపిస్తే అంత చిన్న తెర మీద చుక్కలుగా మిగులుతారు. గాయని ముఖం చూపిస్తే నిండుగా ఉంటుంది. ఖరీదైన ఆర్కెస్ట్రాను పెట్టుకుని కూడా దర్శకులు గాయని ముఖం దగ్గరే ఉండిపోయారు, ఆ నిర్ణయం సరైనదే.

మైకు నీడ, ఆలస్యమయ్యే తాళం

సినిమా పాట ముందే రికార్డవుతుంది, నటులు పెదాలు కదిపితే చాలు. లైవ్ షోలో గొంతు అక్కడికక్కడే పట్టాలి, మైకు కనపడకూడదు. చక్రాల బండి మీద పొడవాటి బూమ్ కర్ర, చివర ఆర్‌సీఏ 77-డి లాంటి రిబ్బన్ మైకు, దాన్ని నడిపే మనిషి. క్లోజప్‌లో మైకు గాయని నోటికి రెండు మూడు అడుగుల దగ్గరికి దిగొచ్చు. కెమెరా వైడ్ షాటుకు వెళ్లగానే మైకును ఎనిమిది, పది అడుగుల ఎత్తుకు లేపాలి. దూరం పెరిగేకొద్దీ గొంతు పలచబడి, ఆర్కెస్ట్రా మోత పైకొస్తుంది. చూపు, వినికిడి ఇలా ఒకదానికొకటి అడ్డం. గొంతు బాగుండాలంటే షాటు దగ్గరగా ఉండాలన్న లెక్క ఇక్కడ కూడా క్లోజప్ వైపే తోసింది.

బూమ్‌తో జరిగే పొరపాట్లు మూడు. పైనుంచి వచ్చే ముఖ్య దీపానికీ గాయనికీ మధ్య మైకు వస్తే దాని నీడ ముఖం మీదో వెనక తెర మీదో పడుతుంది. అందుకే బూమ్ ఒక వైపు నుంచి వస్తే, ముఖ్య దీపం రెండో వైపు నుంచి పెట్టేవారు. కర్రను వేగంగా తిప్పితే గాలికి సన్నటి రిబ్బను ఊగి గురగురమని చప్పుడు వస్తుంది. గాయని రిహార్సల్‌లో నిలబడ్డ సుద్ద గుర్తు దాటి రెండడుగులు పక్కకు జరిగితే ఆ చరణం పోయినట్టే.

ఆర్కెస్ట్రా కనిపించకపోవడానికి కారణం కూడా ఇందులోనే ఉంది. మామూలు రిబ్బన్ మైకుకు ముందూ వెనకా వినపడుతుంది, రెండు పక్కలా దాదాపు వినపడదు. ఆ వినపడని పక్క ఆర్కెస్ట్రా వైపు వచ్చేలా అమర్చితే గొంతు విడిగా దొరుకుతుంది. కాబట్టి వాద్యకారుల్ని వేదిక పక్కకో, తెర వెనక్కో, ముందున్న గోతిలోకో పంపేవారు. అలా దూరం జరిపితే మరో సమస్య. శబ్దం సెకనుకు సుమారు 343 మీటర్లు పోతుంది. ఇరవై మీటర్ల అవతల కొట్టిన డ్రమ్ము దెబ్బ గాయనిని చేరేసరికి 58 మిల్లీసెకన్లు గడుస్తాయి. నిమిషానికి 120 దెబ్బల లయలో ఒక్కో దెబ్బకు అర సెకను. అందులో తొమ్మిదో వంతు ఆలస్యమంటే బృందగానం తాళం వెనక ఈడ్చుకుపోవడం ఖాయం. దీనికి విరుగుడు గాయకుల దగ్గర చిన్న లౌడ్‌స్పీకర్ పెట్టడం. దాని గొంతు మరీ పెంచితే అదే శబ్దం మైకులోకి దూరి కూత పెడుతుంది. లౌడ్‌స్పీకర్‌ను కూడా మైకుకు వినపడని పక్కనే పెట్టి, మోతాదు రిహార్సల్‌లోనే ఖాయం చేసేవారు.

ఇంత కష్టపడి పట్టిన ధ్వనిలో కొంత దారిలోనే పోయేది. ఊళ్ల మధ్య టెలిఫోన్ సంస్థ ఇచ్చే సాధారణ కార్యక్రమ లైన్లు సుమారు 5 కిలోహెర్ట్జ్ దాకానే మోసేవి. సింబళ్ల మెరుపు, తీగవాద్యాల గరుకుదనం అక్కడే తెగిపోయాయి. ఆర్కెస్ట్రా రాతగాళ్లు దీన్ని గ్రహించి మధ్యస్థాయి వాద్యాల మీద, గొంతు మీద భారం వేశారు.

గంటను సెకన్లలోకి కోయడం

లైవ్ షోకు చివర గోడ ఉంటుంది. తర్వాతి కార్యక్రమం నిర్ణీత సెకనుకు మొదలవుతుంది, ఆ గోడను జరపడం ఎవరి చేతిలోనూ లేదు. కాబట్టి లెక్క చివరి నుంచి వెనక్కి కడతారు. ఉదాహరణకు ఎనిమిదికి మొదలయ్యే షో 8:59:30కి ముగియాలనుకుందాం. పేర్ల జాబితాకు 30 సెకన్లు, వీడ్కోలుకు 40 సెకన్లు, చివరి ప్రకటనకు ఒక నిమిషం, చివరి పాటకు 2 నిమిషాల 50 సెకన్లు. అంటే చివరి పాట 8:54:30కి మొదలై తీరాలి. అంతకు ముందున్న హాస్యగాడికి జనం అనుకున్నదానికన్నా 40 సెకన్లు ఎక్కువ నవ్వితే ఎక్కడో కోత పడాలి. ప్రకటనను కోయరు, అది డబ్బులిచ్చినవాడిది. పాటలో ఒక చరణం వదిలేస్తారు, లేదా వీడ్కోలు రెండు ముక్కల్లో తేల్చేస్తారు. ఏ చరణం వదలాలో వాద్యకారుల నొటేషన్ కాగితాల మీద ముందే గుర్తు పెట్టి ఉండేది. ఫ్లోర్ మేనేజర్ చేతుల్ని జిగురు సాగదీసినట్టు లాగితే ఇంకాస్త నడపమని, వేలు గుండ్రంగా తిప్పితే తొందర పడమని, అరచేతిని మెడకు అడ్డంగా గీస్తే ఆపేయమని అర్థం.

సలివన్ ఈ పనిలో ఆరితేరినవాడు. ఆయన పాడడు, ఆడడు, నవ్వించడు. పత్రికలో కాలమ్ రాసుకునే మనిషి. మాట బిగుసుకుపోయినట్టు ఉండేదని విమర్శకులు మొదటినుంచీ రాశారు. కానీ ఆదివారం మధ్యాహ్నం నిజమైన ప్రేక్షకుల ముందు పూర్తి రిహార్సల్ వేయించి, జనం ఎక్కడ కదిలారో, ఎక్కడ దగ్గారో చూసి, సాయంత్రానికి ఐటెంల వరస మార్చేసేవాడు. నచ్చనిదాన్ని కుదించేవాడు, ఒక్కోసారి తీసేసేవాడు. వరస మారితే రే బ్లాక్ ఆర్కెస్ట్రా నొటేషన్ కాగితాలు, దీపాల పట్టిక, కెమెరాల చోట్లు, తెర వెనక సెట్ల క్రమం అన్నీ కొద్ది గంటల్లో మారాలి. ఒపేరా గాయని, రాక్ అండ్ రోల్ కుర్రాడు, పళ్లాలు తిప్పే గారడీవాడు ఒకే గంటలో ఇమడడం ఈ కోతల ఫలితం. ఇంట్లో ఒకటే సెట్టు, దాని ముందు తాత నుంచి మనవడి దాకా అందరూ ఉంటారు. ఎవరికీ నచ్చని ఆరు నిమిషాలు రాకుండా చూడడమే ఆయన కొలమానం.

ఒకే పాటకు వారానికో కథ

పాటల్ని కొత్తగా చూపించడంలో ఇబ్బంది ఎక్కడుందో ‘యువర్ హిట్ పరేడ్’ బాగా బయటపెట్టింది. 1935 నుంచి రేడియోలో నడిచిన ఈ షో 1950లో ఎన్‌బీసీ టీవీకి వచ్చింది, స్పాన్సరు లక్కీ స్ట్రైక్ సిగరెట్లు. ఆ వారం జనాదరణ పొందిన పాటల్ని షోలో ఉన్న గాయకులే పాడాలి. డొరతీ కాలిన్స్, స్నూకీ లాన్సన్, జిజెల్ మెకెంజీ, రసెల్ ఆర్మ్స్ అందులో ముఖ్యులు. రేడియోలో పాట వరసగా పది వారాలు వచ్చినా ఇబ్బంది లేదు. టీవీలో మాత్రం అదే పాటకు వారం వారం కొత్త సెట్టు, కొత్త సన్నివేశం కావాలి. మొదటి వారం ప్రేమికుల కథ, రెండో వారం రైల్వే స్టేషన్, మూడో వారం బొమ్మల దుకాణం. పదో వారానికి పాటకూ సన్నివేశానికీ సంబంధం పేరుకే మిగిలేది.

పాట ఎవరు పాడినా పాటేనన్న నమ్మకం మీద ఈ షో నిలబడింది. అప్పటి దాకా జనం కొనేది నొటేషన్ కాగితం, లేదా ఎవరో ఒకరు పాడిన రికార్డు. 1955 తర్వాత రాక్ అండ్ రోల్‌లో పాట అంటే ఒక గొంతు, ఒక గిటారు మోత, స్టూడియోలో పుట్టించిన ఒక ప్రతిధ్వని. దాన్ని సూటు తొడుక్కున్న మరో గాయకుడు పాడితే అది వేరే వస్తువు. షో 1959లో ఆగిపోయింది.

సలివన్ దీనికి ఉల్టా దారి పట్టాడు: అసలు గాయకుడినే వేదిక మీదకు తెచ్చాడు. 1956 సెప్టెంబరు 9న ఎల్విస్ ప్రెస్లీ వచ్చినప్పుడు సుమారు 6 కోట్ల మంది చూశారు. (ఆ రోజు సలివన్ కారు ప్రమాదం నుంచి కోలుకుంటున్నాడు, షో నడిపింది నటుడు చార్లెస్ లాటన్.) 1964 ఫిబ్రవరి 9న బీటిల్స్‌ను సుమారు 7.3 కోట్ల మంది చూశారు. మూడో దారి 1957 ఆగస్టులో ఏబీసీ దేశమంతా చూపించడం మొదలుపెట్టిన ‘అమెరికన్ బ్యాండ్‌స్టాండ్’. గాయకుడు వస్తాడు, రికార్డు వేస్తారు, పెదాలు కదుపుతాడు, కుర్రకారు డ్యాన్సు చేస్తారు. ఆర్కెస్ట్రా ఖర్చు లేదు, బూమ్ గొడవ లేదు. ఖర్చు విషయంలో వెరైటీ షోకు ఇది గట్టి పోటీ.

డబ్బు ఎవరిదో మాట వారిదే

షో మొత్తానికి ఒకే స్పాన్సరు ఉండడం అప్పటి ఆనవాయితీ. పెట్రోలు బంకు యూనిఫాం వేసుకున్న నలుగురు పాడుతూ వచ్చి టెక్సాకో షో మొదలుపెట్టేవారు. సలివన్ షోకు ఎక్కువ కాలం లింకన్-మెర్క్యురీ కార్ల డీలర్లు స్పాన్సర్లు. ఎవరిని పిలవాలో, ఎవరిని వద్దనాలో ప్రకటనల ఏజెన్సీకి గట్టి పట్టు ఉండేది. దీని చేదు ఫలితం నాట్ కింగ్ కోల్ విషయంలో కనిపిస్తుంది. అప్పటికే దేశమంతా ఎరిగిన నల్లజాతి గాయకుడు. 1956 నవంబరు 5న ఎన్‌బీసీలో ఆయన షో మొదలైంది. పావుగంటతో మొదలై అరగంటకు పెరిగింది. పేరున్న కళాకారులు ఎందరో తమ మామూలు పారితోషికం వదులుకుని, కళాకారుల సంఘం నిర్ణయించిన కనీస రేటుకు వచ్చి పాడారు. అమెరికా దక్షిణ రాష్ట్రాల్లోని తెల్లజాతి కొనుగోలుదార్లు దూరమవుతారన్న భయంతో జాతీయ స్థాయి స్పాన్సరు ఒక్కరూ ముందుకు రాలేదు. ఏడాదికి పైగా నెట్‌వర్కే ఖర్చు భరించింది. 1957 డిసెంబరు 17న షో ముగిసింది. ప్రతిభ, ప్రేక్షకులు, సాంకేతికత అన్నీ ఉండి కూడా షో పడిపోవడానికి ఇంతకన్నా స్పష్టమైన ఉదాహరణ దొరకదు.

హైదరాబాద్ దూరదర్శన్‌కు ఆ బాధ ఎందుకు లేదు?

1977 అక్టోబరులో మొదలైన హైదరాబాద్ దూరదర్శన్‌తో పోలిస్తే తేడా తేటగా తెలుస్తుంది. ఇక్కడ జనం వారమంతా ఎదురుచూసింది ‘చిత్రలహరి’ కోసం. అందులో వచ్చేది సినిమా పాట. అంటే సంగీత దర్శకుడు ట్యూను కట్టి, నేపథ్య గాయకులు పాడి, డ్యాన్స్ మాస్టర్ చేయించి, ఎడిటర్ కోసి సిద్ధం చేసిన ముక్క. సినిమాను టీవీలోకి మార్చే యంత్రం, హక్కులు ఉంటే చాలు. అమెరికాలో హాలీవుడ్ తలుపు మూసింది కాబట్టి వెరైటీ షో పుట్టింది. ఇక్కడ సినిమా తలుపు తెరిచే ఉంది కాబట్టి వినోదంలో అగ్రస్థానం సినిమా పాటకు దక్కింది. స్టూడియోలో ఆర్కెస్ట్రా పెట్టి పాడించే షో తెలుగు ఇళ్లలో నిత్యకృత్యమైంది 1996లో ఈటీవీలో ‘పాడుతా తీయగా’ వచ్చాకే. అప్పటికి టేపు, ఎడిటింగ్ రెండూ చేతిలో ఉన్నాయి.

ఇప్పుడు మనం చూస్తున్నది దేన్ని?

1948లో న్యూయార్క్ నుంచి వెళ్లే లైవ్ బొమ్మ తూర్పు తీరం దాటలేదు. 1949 జనవరిలో కేబుల్ మధ్య పశ్చిమ రాష్ట్రాలను కలిపింది. పశ్చిమ తీరానికి మైక్రోవేవ్ లంకె 1951 సెప్టెంబరులో వచ్చింది. అప్పటిదాకా లాస్ ఏంజెలెస్‌వాళ్లు చూసింది కినిస్కోప్: అంటే టీవీ ట్యూబు మీద పడుతున్న బొమ్మను సినిమా కెమెరాతో తీసిన ఫిల్ము. ఎక్కువగా 16 ఎంఎం. అది పెట్టెల్లో ఊరూరా తిరిగి, సుమారు వారం ఆలస్యంగా ప్రసారమయ్యేది. లంకె కుదిరాక కూడా కినిస్కోప్ పోలేదు. న్యూయార్క్‌లో రాత్రి ఎనిమిదైతే అక్కడ సాయంత్రం ఐదే కాబట్టి, ఫిల్మును మూడు గంటల్లో కడిగి, తడి ఆరీ ఆరకముందే ప్రసారం చేసేవారు.

ఈ నకలులో ఒక అంకగణిత సమస్య ఉంది. టీవీ సెకనుకు 60 ఫీల్డులు ఇస్తుంది, అంటే ఒకటి విడిచి ఒక గీతతో అల్లిన 60 అర బొమ్మలు. సినిమా ఫిల్ము సెకనుకు 24 ఫ్రేములు. 60ని 24తో భాగిస్తే రెండున్నర. కాబట్టి ఒక్కో ఫ్రేముకు రెండు ఫీల్డులు (సెకనులో 30వ వంతు) షట్టరు తెరిచి ఉంచి, మిగిలిన అర ఫీల్డు సమయంలో (సెకనులో 120వ వంతు) షట్టరు మూసి ఫిల్మును తర్వాతి ఫ్రేముకు లాగాలి. మామూలు సినిమా కెమెరా ఈ పనికి సెకనులో 48వ వంతు తీసుకుంటుంది. అంత వేగంగా లాగేందుకు ప్రత్యేక కెమెరా అవసరమైంది; 1947లో కోడక్ దాన్ని తయారు చేసింది. షట్టరు కాస్త ముందు మూసుకుంటే తెర మధ్యలో అడ్డంగా నల్లటి పట్టీ, ఆలస్యమైతే తెల్లటి పట్టీ. పాత ముక్కల్లో తెర మధ్య మినుకుమినుకుమనే ఆ అడ్డగీత ఇదే. పైగా 60 ఫీల్డుల్లో 48 మాత్రమే ఫిల్ము మీదకు ఎక్కుతాయి, అవీ రెండేసి కలిసిపోతాయి. డ్యాన్సరు కాలు మసకబారేది అక్కడే. 1949లో న్యూయార్క్ ఇంట్లో లైవ్‌గా చూసినవారికి దక్కిన బొమ్మ మనం చూస్తున్నదానికన్నా చాలా మేలు.

1956 ఏప్రిల్‌లో యాంపెక్స్ రెండంగుళాల వీడియో టేపు యంత్రాన్ని ప్రదర్శించింది. అదే ఏడాది నవంబరు 30న సీబీఎస్ దాన్ని తొలిసారి ప్రసారంలో వాడింది, అదీ వార్తలకు, పశ్చిమ తీరపు మూడు గంటల ఆలస్యం కోసం. టేపును కోసి అతికించడం మొదట్లో నరకం: అయస్కాంత గీతలు కంటికి కనపడవు, సన్నటి ఇనుప రజను కలిపిన ద్రావకం పూసి, సూక్ష్మదర్శినిలో గీత చూసి, బ్లేడుతో కోయాలి. తప్పితే బొమ్మ ఎగిరిపడుతుంది. టేపు ఖరీదైనది కాబట్టి ప్రసారం కాగానే చెరిపి మళ్లీ వాడేవారు. ఫలితంగా 1950ల తొలి సంవత్సరాల కినిస్కోపులు బతికి, ఆ తర్వాతి టేపు షోలు చాలా పోయాయి. కినిస్కోపులకూ పూర్తి రక్షణ లేదు. డ్యూమాంట్ నెట్‌వర్కు భాండాగారాన్ని 1970లలో న్యూయార్క్ జలాల్లో పారబోశారని గాయని, నటి ఈడీ ఆడమ్స్ 1996లో లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ విచారణలో వాంగ్మూలమిచ్చారు.

దొరికిన ముక్క కినిస్కోపో టేపో గుర్తుపట్టడం కష్టం కాదు. మెరుపుల చుట్టూ నల్ల వలయం రెంటిలోనూ ఉంటుంది, అది కెమెరాది. కదలిక సినిమాలా కాస్త ఆగి ఆగి ఉండి, ఫిల్ము గీతలు, దుమ్ము మచ్చలు, మూలలు గుండ్రంగా కనిపిస్తే కినిస్కోప్. కదలిక నీళ్లలా జారిపోతూ, ముఖం మీద చెమట కూడా తెలిసేంత స్పష్టంగా ఉంటే టేపు. 1958 అక్టోబరు 17న ఎన్‌బీసీలో వచ్చిన ఫ్రెడ్ ఆస్టేర్ డ్యాన్సు కార్యక్రమం రంగుల టేపు మీద మిగిలిన తొలి వినోద కార్యక్రమాల్లో ఒకటి. దాన్ని 1950 నాటి ఏదైనా కినిస్కోప్ పక్కన పెట్టి, డ్యాన్సరు మడమల్ని మాత్రం గమనిస్తూ చూస్తే ఆ తేడా అర నిమిషంలో తెలిసిపోతుంది.